మొదటి వాణిజ్య కంప్యూటర్ ఏది? తెర లేని రోజుల్లో ప్రోగ్రాం ఎలా రాసేవాళ్లం?

బీటెక్ చదువుతున్న ఒకరు అడిగిన ప్రశ్న క్లుప్తంగా ఇది: "మొదటి వాణిజ్య కంప్యూటర్ యూనివాక్ అని ఒక పుస్తకంలో ఉంది, ఫెరాంటి అని ఇంకో చోట, లియో అని మరో చోట చదివాను. ఏది నిజం? నాలుగు వేల అక్షరాల మెమరీతో వేలమంది జీతాలు ఎలా లెక్కకట్టారు? తెర, కీబోర్డు లేకుండా ప్రోగ్రాం ఎలా రాశారు?"

ముందు సూటిగా జవాబు. అమ్మకపు సరుకుగా తయారై కొన్నవాళ్ల చేతికి చేరిన కంప్యూటర్లలో మొదట చెప్పేది ఫెరాంటి మార్క్ 1. అది 1951 ఫిబ్రవరిలో మాంచెస్టర్ విశ్వవిద్యాలయానికి చేరింది. కొద్ది వారాల తర్వాత, మార్చి 31న, అమెరికా జనగణన శాఖ యూనివాక్‌ను స్వీకరించింది. ఒక వ్యాపార సంస్థ తన ఆఫీసు పనిని వారం వారం అప్పజెప్పిన మొదటి కంప్యూటర్ మాత్రం లండన్‌లోని లియో, 1951 నవంబర్‌లో. మీరు చదివిన మూడూ తప్పు కాదు. ఒక్కొక్కరు ఒక్కో ప్రశ్నకు జవాబు రాశారు. ఇంకా వెనక్కి వెళ్తే, జర్మనీలో కొన్‌రాడ్ జూజె తయారుచేసిన జడ్4ను 1950లో జ్యూరిక్‌లోని సాంకేతిక విశ్వవిద్యాలయం అద్దెకు తీసుకుంది. అయితే అది రిలేలతో, అంటే కరెంటుతో కదిలే స్విచ్చులతో నడిచే యంత్రం, ఎలక్ట్రానిక్ కాదు.

నన్ను ఒక్కటే చెప్పమంటే లియో అంటాను. 1970ల్లో హైదరాబాద్‌లో ఒక పెద్ద సంస్థ ఈడీపీ విభాగంలో, అంటే కంప్యూటర్ లెక్కల విభాగంలో, ప్రోగ్రామర్‌గా చేరి, ఐబీఎం 1401 అనే కంప్యూటర్ మీద జీతాలు, స్టోర్సు లెక్కలు నడిపినవాణ్ణి. ఆ పనిలో నాకు బాగా అర్థమైంది ఏమిటంటే, వ్యాపార కంప్యూటర్‌కు లెక్క చేయడం ఎప్పుడూ కష్టం కాలేదు. కాగితం మీద ఉన్న విషయాన్ని తప్పుల్లేకుండా లోపలికి పంపడం, ఫలితాన్ని వేళకి కాగితం మీదికి రప్పించడం, మధ్యలో గుమాస్తా బుర్రలో మాత్రమే ఉన్న నియమాలను బయటికి లాగి రాయడం, ఈ మూడే కష్టం. ఈ మూడింటినీ మొదట ఎదుర్కొన్నది లియో జట్టు.

లియోను కట్టింది కంప్యూటర్ కంపెనీ కాదు. టీ, కేకులు, రొట్టెలు అమ్మే జె. లయన్స్ అండ్ కంపెనీ. ఇంగ్లండ్ అంతటా టీ షాపులు నడిపేవాళ్లు. ఒక్కో బిల్లు చిన్నది, బిల్లులు మాత్రం లెక్కలేనన్ని. అలాంటి వ్యాపారంలో గుమాస్తాల ఖర్చే లాభాన్ని తినేస్తుంది. కేంబ్రిడ్జిలో గణితం చదివిన జాన్ సిమన్స్ 1923లో అక్కడ చేరి, ఆఫీసు పని తీరునే ఒక శాస్త్రంగా పరిశీలించే విభాగాన్ని పెంచారు. ఏ ఫారం ఎవరి చేతుల మీదుగా ఎక్కడికి పోతుంది, ఏ అంకెను ఎన్నిసార్లు తిరగరాస్తున్నారు అని చూడటమే వాళ్ల ఉద్యోగం. 1947లో ఆ కంపెనీ నుంచి టి. ఆర్. థాంప్సన్, ఆలివర్ స్టాండింగ్‌ఫర్డ్ అమెరికా వెళ్లి ప్రిన్స్‌టన్‌లో హెర్మన్ గోల్డ్‌స్టైన్‌ను కలిశారు. తమ దేశంలోనే కేంబ్రిడ్జిలో మారిస్ విల్క్స్ కంప్యూటర్ కడుతున్నారని వాళ్లకు తెలిసింది ఆయన ద్వారానే. తిరిగొచ్చాక లయన్స్ వాళ్లు విల్క్స్‌కు 3,000 పౌండ్లు, ఎర్నెస్ట్ లెనార్ట్స్ అనే సాంకేతిక నిపుణుణ్ణి ఇచ్చారు. ఆ యంత్రం ఎడ్‌శాక్. 1949 మే 6న మొదటి ప్రోగ్రాం నడిపింది. దాని నమూనా మీదే జాన్ పింకర్టన్ నాయకత్వంలో లియో తయారైంది. సుమారు 6,000 వాల్వులు, అంటే ట్రాన్సిస్టర్లకు ముందు వాడిన గాజు గొట్టాల ఎలక్ట్రానిక్ భాగాలు. మెమరీ అంటే పాదరసం నింపిన గొట్టాలు. గొట్టం ఈ చివర శబ్ద తరంగాలుగా అంకెలు పంపితే ఆ చివర అందుకుని మళ్లీ మొదటికి పంపుతారు. తిరుగుతున్నంతసేపే అవి గుర్తున్నట్టు.

1951లో మొదట అప్పగించిన పని బేకరీల ఉత్పత్తికి విలువ కట్టడం. రొట్టెలు, కేకులు, పైలు ఎన్ని తయారయ్యాయి, ఎంత ఖరీదు, ఎటు పోయాయి అన్న లెక్క. జీతాల పని అప్పుడే చేయలేకపోయారు. కారణం చూడండి: లెక్కగట్టే భాగం సిద్ధమైపోయింది, సమాచారం లోపలికి, బయటికి పంపే భాగమే తయారు కాలేదు. అయస్కాంత టేపు పరికరాల కోసం బయటి కంపెనీతో చేసుకున్న ఏర్పాటు ఫలించలేదు. చివరికి కాగితపు టేపు, పంచ్ కార్డులనే (రంధ్రాలతో అంకెలు, అక్షరాలు నమోదు చేసే అట్టముక్కలు) ఒకేసారి రెండు మూడు దారుల్లో చదివే ఏర్పాటు చేసుకున్నారు. 1954 మొదట్లో జీతాలు లియో మీదికి వచ్చాయి. అనుభవమున్న గుమాస్తాకు ఒక ఉద్యోగి జీతానికి 8 నిమిషాలు పడితే లియోకు ఒకటిన్నర సెకను. యంత్రం తిరగడం మొదలైన దగ్గర్నుంచి జీతాలు చేతికొచ్చేదాకా పట్టిన రెండు మూడేళ్లలో ఎక్కువ భాగం పోయింది ఆ లోపలికి, బయటికి దారుల కోసమే.

నాకు అన్నింటికంటే నచ్చేది వాళ్ల టీ షాపుల ఆర్డర్ల పని. ప్రతి షాపూ రోజూ ఏమేం కావాలో పూర్తి జాబితా పంపితే పంచ్ చేయడానికే తెల్లారిపోతుంది. అందుకని షాపుకి ఒక స్థిరమైన ఆర్డరు ముందే కంప్యూటర్ దగ్గర ఉంచారు. షాపు మేనేజరమ్మ ఫోనులో మార్పులు మాత్రమే చెబుతుంది. ఫోనులో వింటున్న అమ్మాయే వాటిని కార్డు మీద పంచ్ చేస్తుంది. లియో ప్రోగ్రాంల పని చూసిన డేవిడ్ కామినర్ జట్టు వేసిన ఎత్తు ఇది. ఇందులో ఎలక్ట్రానిక్స్ ఏమీ లేదు, పని తెలిసినతనం ఉంది. మేం ఇక్కడ జీతాల్లో చేసిందీ అదే. మూల వేతనం, పీఎఫ్ నంబరు లాంటివి మాస్టర్ కార్డులో ఉంటాయి, ఆ నెల సెలవులు, ఓవర్‌టైం, కొత్త కోతలు మాత్రమే పంచ్ గదికి వెళ్తాయి.

యూనివాక్‌ను తక్కువ చేయడం లేదు. దాన్ని రూపొందించిన ఎకర్ట్, మాక్లీ మొదటినుంచీ వ్యాపార సంస్థలనే దృష్టిలో పెట్టుకున్నారు. కార్డుల బదులు లోహపు టేపు వాడారు. 1952లో ఐసెన్‌హోవర్ గెలుపును టీవీలో ముందే చెప్పి ఆ పేరు ఇంటింటికీ తెలిసింది. అయినా ఒక అమెరికా వ్యాపార సంస్థలో అది జీతాల పనికి దిగింది 1954లోనే, కెంటకీ రాష్ట్రం లూయీవిల్‌లోని జనరల్ ఎలక్ట్రిక్ ఫ్యాక్టరీలో.

ఇప్పుడు మీ రెండో ప్రశ్న: చిన్న మెమరీలో వేలమంది ఎలా పట్టారు? పట్టలేదు. పట్టాల్సిన అవసరమే లేదు. రేషన్ షాపు డీలరుకు క్యూలో ఎంతమంది ఉన్నా ఒకే లెక్క, ముందున్న కార్డు ఒక్కటే చూస్తాడు, సరుకు తూచి పంపి తర్వాతి కార్డు అందుకుంటాడు. మా ప్రోగ్రాంలూ అంతే. మెమరీలో ఎప్పుడూ ఒక్క ఉద్యోగే ఉంటాడు.

1401లో ఇది యంత్రం కట్టుబడిలోనే ఉంది. మెమరీలో 1 నుంచి 80 వరకు స్థానాలు కార్డు చదివే చోటు, ఎందుకంటే కార్డుకు 80 కాలమ్‌లు. 101 నుంచి 180 పంచ్ చేయబోయే కార్డుకు. 201 నుంచి 332 ప్రింటరు మీద పడబోయే ఒక లైనుకు, 132 అక్షరాలు. మిగిలిన చోటులో ప్రోగ్రాం, పట్టికలు, కూడికలు సర్దుకోవాలి. కార్డు చదువు అనడానికి ఆదేశం ఒక్క అక్షరం: 1. లైను ప్రింటు చేయడానికి: 2. మీట నొక్కితే మొదటి కార్డు 1 నుంచి 80 స్థానాల్లోకి వచ్చి, యంత్రం ఒకటో స్థానం నుంచి దాన్నే ఆదేశాలుగా అమలు చేయడం మొదలుపెడుతుంది. ఆ కార్డులోని ఆదేశాలు తర్వాతి కార్డులను లోపలికి తెచ్చుకుంటాయి. ఆపరేటింగ్ సిస్టం అనేది ఏదీ లేదు.

ఇది పని చేయాలంటే ఒక షరతు ఉంది, కార్డులన్నీ ఉద్యోగి నంబరు వరుసలో ఉండాలి. అందుకే ఆ రోజుల్లో సార్టింగ్‌కు అంత ప్రాధాన్యం. మొదట సార్టర్ యంత్రంలో నంబరులోని ఒక్కో అంకె మీదుగా, ఒకట్ల స్థానం నుంచి మొదలుపెట్టి కార్డులను తిప్పేవాళ్లు. తర్వాత మాస్టర్ కార్డులను, ఆ నెల మార్పుల కార్డులను కలిపి ఒకే వరుసగా పేర్చేవాళ్లు. టేపులున్న చోట పాత మాస్టర్ టేపు, మార్పులు పక్కపక్కన చదివి కొత్త మాస్టర్ టేపు రాసేవాళ్లు. పాతది చెరిపేవాళ్లు కాదు. తాత, తండ్రి, కొడుకు అని మూడు తరాల టేపులు బీరువాలో ఉండేవి. కొడుకు చెడితే తండ్రితో మళ్లీ నడపొచ్చు. మీరు డేటాబేస్ క్లాసులో బ్యాకప్, రికవరీ అని చదివే పాఠం అప్పుడు బీరువా తాళాలతో నడిచేది.

తప్పుల మాట. వంద ఫారాలు ఒక కట్టగా వచ్చేవి, పైన ఒక చీటీ. ఆ కట్టలోని మొత్తం డబ్బు, మొత్తం ఫారాలు, ఇంకా అందరి ఉద్యోగి నంబర్ల కూడిక దాని మీద ఉండేవి. ఉద్యోగి నంబర్లు కూడితే వచ్చే సంఖ్యకు అర్థం ఏమీ ఉండదు. కానీ కంప్యూటర్ కూడినదీ గుమాస్తా కూడినదీ కలవకపోతే ఏదో కార్డు జారిపోయిందనో, ఒక నంబరు తప్పు పడిందనో తెలిసిపోతుంది. ఒకసారి మా దగ్గర డబ్బు మొత్తం పైసాతో సహా సరిపోయింది, నంబర్ల కూడిక సరిపోలేదు. వెతికితే ఒకరి ఓవర్‌టైం వేరొకరి నంబరు మీద ఎక్కింది. డబ్బు కూడిక ఒక్కటే చూసుకుని ఉంటే ఆ నెల ఒక కార్మికుడి కష్టం ఇంకొకరి కవరులో పడేది.

అసలైన చిక్కు ఇంకో చోట ఉండేది. కోతలన్నీ పోను చేతికి వచ్చే జీతం సున్నా కంటే తగ్గితే ఏం చేయాలి? పండుగ అడ్వాన్సు, కోఆపరేటివ్ సొసైటీ అప్పు, పీఎఫ్ లోను, క్వార్టర్ అద్దె, వీటిలో ఏది ముందు వదులుకోవాలి? యంత్రం అడగదు, మైనస్ అంకె ప్రింట్ చేసి పోతుంది. ఈ క్రమం ఏ సర్క్యులర్‌లోనూ లేదు. జీతాల సెక్షన్‌లో ఒక పెద్దాయన బుర్రలో ఉంది. సొసైటీ అప్పు ఒక నెల ఆపొచ్చు, ఫలానాది ఆపితే ఆడిట్ వాళ్లు ఊరుకోరు, సస్పెన్షన్‌లో ఉన్నవాడికి వేరే పద్ధతి, ఇలా. ఆయన పక్కన కూర్చుని ఆయన చెప్పింది చెప్పినట్టు రాసుకుని ఫ్లోచార్టు గీశాను. డీఏ పాత తేదీ నుంచి పెరిగినప్పుడు బకాయిల లెక్క కూడా అంతే. మూల ప్రోగ్రాం కంటే ఈ మినహాయింపులకే ఎక్కువ మెమరీ పట్టేది. అందుకే నా ఉద్దేశంలో ప్రోగ్రామింగ్ చరిత్రలో ఆ గుమాస్తాలకు రావాల్సిన పేరు రాలేదు. లయన్స్‌లో తొలి ప్రోగ్రామర్లలో చాలామందిని ఆఫీసు సిబ్బంది నుంచే పరీక్ష పెట్టి ఎంచుకున్నారు. 1952లో అలా వచ్చిన మేరీ కూంబ్స్ వాణిజ్య ప్రోగ్రామింగ్ చేసిన తొలి మహిళగా గుర్తింపు పొందారు.

మూడో ప్రశ్న, తెర లేకుండా ప్రోగ్రాం. ముందు ఫ్లోచార్టు. తర్వాత గడులున్న కోడింగ్ షీటు మీద పెన్సిలుతో, గడికి ఒక అక్షరం. సున్నాకు, 'ఓ' అక్షరానికి తేడా తెలిసేలా అడ్డగీత పెట్టాలి. 2, జడ్ కూడా జాగ్రత్తగా రాయాలి, ఎందుకంటే పంచ్ ఆపరేటరు అర్థం చూసి కొట్టరు, కనపడింది కొడతారు. పంచ్ అయిన కార్డుల మీద ఇంకొక ఆపరేటరు వెరిఫయర్‌లో అదే షీటు మళ్లీ కొడతారు. రెండూ కలిస్తే కార్డు కుడి అంచున చిన్న గాటు పడుతుంది. ఆ డెక్ (కార్డుల దొంతర) పైభాగాన మార్కరుతో ఏటవాలుగా ఒక గీత గీసుకునేవాళ్లం. చేతిలోంచి జారిపడినా ఆ గీతను పట్టుకుని వరుస కలుపుకోవచ్చు.

తర్వాత యంత్రం మీద మన వంతు కోసం ఎదురుచూపు. అసెంబ్లర్ అనే ప్రోగ్రాం మన కార్డులు చదివి యంత్ర భాషలో కొత్త డెక్ పంచ్ చేసిస్తుంది. వంతు రాత్రికో మర్నాటికో వస్తుంది కనుక, అంతవరకు ఖాళీగా కూర్చోకుండా డెస్క్ చెక్ చేసేవాళ్లం. అంటే కాగితం మీద మనమే యంత్రం అయి, ఒక్కో ఆదేశం తర్వాత ఏ స్థానంలో ఏముందో రాసుకుంటూ పోవడం. ఇద్దరం కూర్చుని ఒకరి కోడ్ ఒకరు చదివేవాళ్లం. మొదటి రన్‌లోనే పోతే ఆ రోజంతా పోయినట్టు, కాబట్టి చదవడంలో ఎవరూ బద్ధకించేవారు కాదు. ఆగిపోతే మెమరీ మొత్తాన్ని ప్రింటు తీసి వెతకాలి. చిన్న తప్పయితే మళ్లీ అసెంబుల్ చేయకుండా యంత్ర భాషలోనే ఒక కార్డు పంచ్ చేసి డెక్ చివర చేర్చేవాళ్లం.

భాషల సంగతి త్వరగా చెప్పేస్తాను, ఎందుకంటే ఇది పుస్తకాల్లో బాగానే ఉంటుంది. ఒకసారి రాసిన ముక్కను మళ్లీ మళ్లీ వాడుకునే సబ్‌రొటీన్ పద్ధతిని ఎడ్‌శాక్ దగ్గర డేవిడ్ వీలర్ తీర్చిదిద్దారు. యూనివాక్ దగ్గర గ్రేస్ హాపర్ 1952లో సబ్‌రొటీన్లను కూర్చి ప్రోగ్రాంగా మార్చే ఎ-0 తయారుచేశారు. ఆమె తర్వాతి కృషి ఫ్లో-మాటిక్‌లో మామూలు ఇంగ్లిష్ మాటలతో ఆదేశాలు రాయవచ్చు. ఐబీఎంలో జాన్ బాకస్ జట్టు 704 యంత్రం కోసం 1957లో ఫోర్ట్రాన్ భాషను విడుదల చేసింది. ఫోర్ట్రాన్‌లో 72వ కాలమ్ తర్వాత రాసింది కంపైలర్ (మనం రాసింది యంత్ర భాషలోకి మార్చే ప్రోగ్రాం) ఎందుకు పట్టించుకోదని చాలామంది అడుగుతారు. 704 కార్డు రీడర్ ఒక్కో అడ్డు వరుసను 36 బిట్ల రెండు మాటలుగా (వర్డ్స్) చదివేది, రెండు 36లు 72. యంత్రం పోయింది, నియమం దశాబ్దాలు మిగిలింది.

వ్యాపార లెక్కల కోసం చేసిన భాష కోబాల్ కథ 1959 మేలో పెంటగాన్‌లో జరిగిన సమావేశంతో మొదలైంది. కంప్యూటర్ మారిస్తే ప్రోగ్రాంలన్నీ తిరగరాయాల్సి రావడం కొనుగోలుదారులకు భరించలేని ఖర్చయింది. 1960 డిసెంబర్‌లో ఒకే కోబాల్ ప్రోగ్రాంను వేర్వేరు కంపెనీల యంత్రాలైన ఆర్‌సీఏ 501 మీద, యూనివాక్ 2 మీద నడిపి చూపించారు. నా దృష్టిలో వ్యాపార ప్రోగ్రామింగ్‌లో అతి పెద్ద మలుపు అదే. కానీ ఒక సవరణ: కోబాల్ వచ్చింది కదా అని అందరూ మర్నాడే అందులోకి మారలేదు. మా చిన్న మెమరీలో ఆ కంపైలర్ నడిచే వీల్లేదు. అందుకే మేం చాలాకాలం అసెంబ్లీలోనే రాశాం.

80 కాలమ్‌ల ఇరుకు వల్ల సంవత్సరానికి రెండంకెలే ఇచ్చేవాళ్లం. 1974 అని రాస్తే రెండు కాలమ్‌లు వృథా. మెమరీలోనూ అదే పొదుపు. దాని ఫలితమే ఇరవై ఐదేళ్ల తర్వాత వచ్చిన వై2కే, అంటే 2000 రాగానే 00ను 1900గా యంత్రాలు పొరబడే చిక్కు. అమీర్‌పేటలో కోబాల్, జేసీఎల్ (పెద్ద ఐబీఎం యంత్రాలకు పనులు అప్పజెప్పే భాష) నేర్చుకుని అమెరికా విమానం ఎక్కిన మన పిల్లలు సరిచేసింది పంచ్ కార్డుల కాలంలో మొదలైన ఈ పొదుపునే. మీ ఇంట్లోనో బంధువుల్లోనో ఆ తరం వాళ్లు ఉంటే అడగండి, చెబుతారు.

మన దేశం గురించి అడగలేదు కానీ రెండు మాటలు. కలకత్తాలోని ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్‌కు 1955లో హెచ్ఈసీ-2ఎం వచ్చింది, అది పరిశోధనకు. వ్యాపార సంస్థలో మొదటిదిగా చెప్పేది 1961లో బొంబాయిలో ఎస్సో కంపెనీ పెట్టుకున్న 1401. ఐబీఎం 1401ను 1959 అక్టోబర్‌లో ప్రకటించింది. నెలకు 2,500 డాలర్ల నుంచి అద్దె. 12,000కు పైగా తయారయ్యాయి. నిమిషానికి 600 లైన్లు కొట్టే దాని 1403 ప్రింటరు వల్లే అంత గిరాకీ వచ్చిందని నా నమ్మకం. మళ్లీ కాగితమే చూడండి. బయట కాలం చెల్లిన తర్వాత కూడా ఇక్కడ 1970ల చివరిదాకా అవి నడిచాయి. 1978లో ఐబీఎం దేశం విడిచి వెళ్లాక వాటి మరమ్మతు బాధ్యత ప్రభుత్వ సంస్థ సీఎంసీ తీసుకుంది. హైదరాబాద్‌లో 1967లో ఏర్పడిన ప్రభుత్వ ఎలక్ట్రానిక్స్ సంస్థ ఈసీఐఎల్ టీడీసీ వరుస కంప్యూటర్లను ఇక్కడే తయారుచేసింది. అది విడిగా రాయాల్సినంత పెద్ద కథ.

ఇవన్నీ చదివి ఊరుకోకుండా చేతితో చేసి చూడాలనుకుంటే, 1401ను అనుకరించే సిమ్యులేటర్లు ఉచితంగా దొరుకుతాయి, మీ ల్యాప్‌టాప్ మీద నడుస్తాయి. అమెరికాలో మీవాళ్లెవరైనా కాలిఫోర్నియాలో ఉంటే, మౌంటెన్ వ్యూలోని కంప్యూటర్ హిస్టరీ మ్యూజియంలో బాగుచేసిన రెండు 1401లు నిజంగా నడుస్తుంటాయి, చూసి రమ్మనండి. మొదటి అభ్యాసంగా కార్డు చదివి అదే ప్రింటు చేసే ప్రోగ్రాం రాయండి. అది వచ్చాక ఉద్యోగి నంబరు వరుసలో ఉన్న రెండు ఫైళ్లు తీసుకుని, మెమరీలో ఒకేసారి ఒక్కొక్క రికార్డే ఉంచుకుంటూ, మార్పులను మాస్టర్‌తో కలిపి కొత్త మాస్టర్ రాయండి. మార్పుల ఫైలులో ఉన్న నంబరు మాస్టర్‌లో లేకపోతే ఏం చేయాలి, ఒకే నంబరుకు రెండు మార్పులొస్తే ఏం చేయాలి, రెండింటిలో ఒక ఫైలు ముందే అయిపోతే ఏం చేయాలి, ఈ మూడూ తెగేదాకా వదలకండి. ఎక్కడ ఆగిపోయారో మీ ఫ్లోచార్టుతో సహా ఇక్కడే పెట్టండి, చూసి చెబుతాను.